ఎత్తని చెయ్యి

ముసలి అనే మాట వాడు అనలేదు. అది ఎడ్విన్ తర్వాత తనంతట తాను కలుపుకున్నది. వాడన్నది కొల్లేటి గేదె అని మాత్రమే. అదీ బంతితో పక్కనుంచి దూసుకుపోతూ, వెనక్కి కూడా చూడకుండా, నవ్వుతూ. "లేరా కొల్లేటి గేదే, లే! ఒడ్డు ఇటుంది!" ఆ తర్వాత గోలు పడింది. గోలుదేముంది, పడుతూనే ఉంటాయి. ఆ మాట మాత్రం ఆదివారం సాయంత్రం చెవిలో దూరి, మంగళవారం పొద్దుటికి కూడా బయటికి రాలేదు. పైగా దాని చుట్టూ కొత్త మాటలు పుట్టుకొస్తున్నాయి. ముసలి గేదె. కుంటి గేదె. ఇవన్నీ ఎవరన్నారు? ఎవరూ అనలేదు. తనలోనే ఎవరో కూర్చుని, ఆ ఏలూరు కుర్రాడి గొంతు అరువు తెచ్చుకుని అంటున్నారు.

వాడు కుడివైపు వెళ్తాడని ముందే తెలుసు. అదే బాధ. ఫుట్‌బాల్లో గోలుకి అడ్డంగా స్టాపర్‌గా ఆడేవాడు బంతిని చూడకూడదు, ఎదుటివాడి తొంటిని చూడాలి. కళ్ళు మోసం చేస్తాయి, కాళ్ళు మోసం చేస్తాయి, తొంటికి మోసం చేతకాదు. ఆ కుర్రాడు రిజ్వాన్ తొంటి అటు తిరగబోతోందని రిజ్వాన్‌కంటే ముందే ఎడ్విన్‌కి తెలిసింది. తల కబురు పంపింది. మోకాలికి ఆ కబురు చేరేసరికి వాడక్కడ లేడు.

"అల్లుడూ, బస్తా కడతావా, దానికి జోల పాడతావా?"

వరదానం దోనె చివర నిలబడి గెడ వేస్తున్నాడు. ఎడ్విన్ భార్య నిస్సీకి పెదనాన్న. ఇద్దరికీ కొల్లేటి పక్కన ఒకే చేపల చెరువు మీద పని. చిల్లులు పొడిచిన బస్తాల్లో తవుడు నింపి, నీళ్ళలో పాతిన వెదుళ్ళకి వరసగా కట్టుకుంటూ పోవాలి. కట్టిన కాసేపటికే కింద నీళ్ళు కదలడం మొదలవుతుంది. శీలావతి, కట్ల చేపలు ఆ చిల్లులకి మూతులు ఆనించి లాగుతుంటాయి. బస్తా సాయంత్రానికి చప్పబడి, ఖాళీ జేబులా వేలాడుతుంది.

కట్టాలంటే దోనె అడుగున మోకాళ్ళ మీద వంగాలి. ఎడ్విన్ వంగలేదు. కూర్చుని, ఒక కాలు బారజాపి, ఒళ్ళంతా పక్కకి మెలితిప్పి తాడు ముడేశాడు.

"అడుగున తడిగా ఉంది మావయ్యా," అన్నాడు, అడక్కుండానే.

"చెరువులో దోనె తడిగా ఉండక, పొడిగా ఉంటుందేంటి?" అన్నాడు వరదానం. నవ్వలేదు. గెడ బురదలోంచి పైకి లాగుతూ అల్లుడి కాలి వంక చూసి, వెంటనే అవతలి గట్టు మీద చేపల కోసం వాలిన గూడబాతుల వంక చూశాడు. "వీటి దుంపతెగ. టపాకాయలు పేల్చినా బెదరడం మానేశాయి."

గట్టు మీద మోటారు సైకిలు ఆగింది. వీర్రాజు. తాడేపల్లిగూడెంలో మిల్లు సూపర్‌వైజరు, మిల్లు టీముకి కోచ్. ఈ చెరువూ, ఆ మిల్లూ, ఆ టీమూ అన్నీ శ్రీహరిగారివే. మిల్లులో తవుడు ఇక్కడికొచ్చి చేపలవుతుంది. ఇక్కడ తవుడు కట్టే ఎడ్విన్ శనాదివారాలు అక్కడికెళ్ళి స్టాపరవుతాడు.

ఒకప్పుడు వీర్రాజు ఎడ్విన్ పక్కనే లెఫ్ట్ బ్యాకు ఆడేవాడు. ఒక మ్యాచ్ మధ్యలో పిక్క పట్టేసి, బెంచీ వైపు తిరిగి చెయ్యెత్తాడు. ఆ టీములో అదే పద్ధతి. ఇక ఆడలేననుకున్నవాడు నోటితో చెప్పక్కర్లేదు, చెయ్యి పైకెత్తితే బెంచీ మీంచి ఇంకొకణ్ణి దింపుతారు. చెయ్యెత్తిన వీర్రాజుని మళ్ళీ ఎవరూ దిగమనలేదు. ఎడ్విన్ మాత్రం ఇన్నేళ్ళలో ఒక్కసారి కూడా ఎత్తలేదు. గూడెంలో టీకొట్ల దగ్గర కూడా ఆ మాట చెప్పుకుంటారు, ఎడ్విన్ చెయ్యెత్తడని. పక్కటెముక చిట్లినప్పుడు ఎత్తలేదు. మోకాల్లో ఏదో టప్‌మని తెగిన రోజున కూడా ఎత్తలేదు. ఆ తర్వాత్నించి ప్రతి మ్యాచ్‌కీ ముందు ఆర్‌ఎంపీ దగ్గర నొప్పి తెలియకుండా ఇంజక్షన్. అది శ్రీహరిగారి ఏర్పాటు.

దోనె గట్టుకి ఆనింది.

"ఎడ్వినూ, శుభవార్త," అన్నాడు వీర్రాజు. "ఆదివారం ఫైనల్ ముందు శ్రీహరిగారు నీకు సన్మానం చేద్దామంటున్నారు. కాలేజీ ప్రిన్సిపాల్‌గారు కూడా వస్తున్నారు. శాలువా, మెమెంటో, మైకూ అన్నీ. తెల్లచొక్కా వేసుకుని రా, ఏం?"

"నాకెందుకు సన్మానం?"

"అదేం ప్రశ్నయ్యా. నీకు కాకపోతే ఇంకెవరికి?"

"మళ్ళీ ఏలూరు వాళ్ళతోనేగా ఫైనలు. నేనున్నానుగా ఆటలో?"

"నువ్వు లేకుండా మన టీమేంటి," అన్నాడు వీర్రాజు.

కళ్ళు ఎడ్విన్ కళ్ళలోకే సూటిగా చూస్తున్నాయి. చెయ్యి ఎడ్విన్ భుజం మీదే ఉంది. తొంటి మాత్రం మోటారు సైకిలు వైపు తిరిగిపోయి ఉంది.

నిస్సీ అంగన్‌వాడీలో టీచరు. మధ్యాహ్నం పిల్లల్ని పంపించేసి వచ్చేసరికి ఎడ్విన్ అరుగు మీద కూర్చుని బూట్ల అడుగున మేకుల్లాంటి స్టడ్సు మధ్య ఇరుక్కున్న మట్టిని పుల్లతో గీకుతున్నాడు. సన్మానం కబురు అప్పటికే ఊళ్ళో తెలిసిపోయింది. వరదానం నోట్లో ఏ మాటా నానదు.

ఆమె లోపలికెళ్ళి, ఇటుక ముక్కలాంటి కల్లుప్పు మూట పెనం మీద వేడిచేసి తెచ్చింది. అతని పంచె మోకాలి పైకి లాగి, మూట ఒత్తడం మొదలుపెట్టింది. కాలు ముట్టుకున్నప్పుడు ఎడ్విన్ ఎప్పుడూ తల పక్కకి తిప్పుకుంటాడు. తనది కాని వస్తువేదో ఆమె బాగుచేస్తున్నట్టు, తను ఆ షాపు దగ్గర ఊరికే నిలబడినట్టు ఉంటుంది.

"ఎలా ఉందండీ?"

"బానే ఉంది."

"నేనడిగితే బానే ఉందంటారు. మెట్లు దిగేటప్పుడు మాత్రం గోడనడిగి దిగుతారు."

ఎడ్విన్ నవ్వబోయి మానేశాడు. "ఆదివారం నువ్వు కూడా వస్తావా?"

"వస్తాను. తెల్లచొక్కా ఇస్త్రీ చేయించాలి." కాసేపు మూట ఒత్తింది. "ఏవండీ, ఒకటడుగుతాను. మీరు ఆడటం లేదని చెప్పారా వాళ్ళు?"

"ఎవరూ ఏం చెప్పలేదే."

"పాస్టరుగారికి ట్రాన్స్‌ఫరయినప్పుడు కప్పాం శాలువా. మా అచ్చాయమ్మగారు రిటైరయినప్పుడు కప్పాం. పని అయిపోయినవాళ్ళకి కాకుండా ఇంకెవరికి కప్పారండీ మనవాళ్ళు?"

పుల్ల విరిగింది. ఎడ్విన్ ఇంకో పుల్ల కోసం చుట్టూ వెతికాడు. ఆమె చెప్పినది తనకి గట్టు మీదే తెలుసు. కానీ తెలిసిన సంగతిని ఇంకొకరు పైకి అంటే తప్ప అది జరిగినట్టు కాదని అతని మనసులో ఒక మూల నమ్మకం. మ్యాచ్‌లో కూడా అంతే. రిఫరీ విజిల్ వేసేదాకా ఆట నడుస్తున్నట్టే.

"వీర్రాజు చెప్పాడు, నేను లేకుండా టీమే లేదని," అన్నాడు.

నిస్సీ మూట తీసి, ఎర్రబడిన చర్మం మీద అరచెయ్యి కాసేపు అలాగే ఉంచింది. "చల్లారిపోయింది, మళ్ళీ వేడిచేసుకొస్తాను," అని లేచింది.

శుక్రవారం ప్రాక్టీసుకి ఆటోలో, తర్వాత బస్సులో గూడెం వెళ్ళాడు. ఈసారి తనే అడుగుతాడు. సూటిగా, వీర్రాజుని కాదు, శ్రీహరిగారినే. బస్సు కిటికీ దగ్గర కూర్చుని ఆ ఒక్క ప్రశ్ననీ రకరకాలుగా మార్చుకున్నాడు. నన్ను తీసేశారాండీ. కాదు, అది నిష్ఠూరంలా ఉంది. ఆదివారం నేను దిగుతున్నానాండీ. ఇది బావుంది, మామూలుగా ఉంది. కానీ మామూలుగా ఉన్న ప్రశ్నకి మామూలు జవాబే వస్తుంది. దిగుతావులే ఎడ్విన్, అంటారు. ఆ జవాబుని ఏం చేసుకోవాలి?

మిల్లు ఆఫీసులో ఉడికిన ధాన్యం వాసన. గోడ మీద టీము ఫొటోలు. ప్రతి ఫొటోలోనూ వెనక వరసలో మధ్యన తనే, చేతులు కట్టుకుని. మిగతా మొహాలు మారుతూ వచ్చాయి. శ్రీహరిగారు ఫోను పెట్టేసి, అతన్ని చూసి, లేచినంత పని చేశారు.

"రా ఎడ్విన్, రా. కూర్చో."

ఎడ్విన్ కుర్చీ వంక చూశాడు. ఈ గదికి చాలాసార్లు వచ్చాడు. కప్పు గెలిచి వచ్చాడు, బిడ్డ పుట్టి పోయినప్పుడు సెలవు అడగడానికి వచ్చాడు. ఎప్పుడూ ఆ బల్లకి ఇవతల నిలబడే మాట్లాడాడు. నిలబడటం అవమానంగా ఎప్పుడూ అనిపించలేదు. ఇవాళ కుర్చీ చూపించేసరికి ఒక అడుగు వెనక్కి వేశాడు.

"పర్లేదండీ."

"కూర్చోవయ్యా. కాఫీ తాగుతావా? అబ్బులూ, రెండు కాఫీలు చెప్పు."

తలుపు దగ్గర ఉన్న అబ్బులు ఎడ్విన్‌ని చూసి, చూడనట్టు వెళ్ళిపోయాడు. మిల్లులో కాటా దగ్గర పనిచేస్తాడు. పొడుగు, బలిష్ఠుడు. రెండేళ్ళుగా బెంచీ మీద కూర్చుంటున్న స్టాపరు.

ఎడ్విన్ కుర్చీ అంచున కూర్చున్నాడు. మోకాలు వంచితే నొప్పి తొడలోకి పాకింది. మొహం కదలనివ్వలేదు. అది అతనికి అలవాటైన విద్య.

"చెరువు దగ్గర పని ఎప్పటికీ నీదే. ఆ విషయంలో ఏం బెంగ పెట్టుకోకు," అన్నారు శ్రీహరిగారు. తర్వాత బల్ల మీది బియ్యం శాంపిలు పొట్లంలోంచి నాలుగు గింజలు అరచేతిలో పోసుకుని, వేలితో కదుపుతూ, వాటినే చూస్తూ అడిగారు. "మోకాలు ఎలా ఉందయ్యా?"

ప్రశ్న అదే. బస్సంతా తను అల్లుకున్న ప్రశ్నకి ఎదురుగా ఉన్న ప్రశ్న. ఇప్పుడు ఉన్నదున్నట్టు చెబితే ఆయన కూడా ఉన్నదున్నట్టు చెబుతారు. ఆయన వేలు గింజల మీద ఆగిపోయి ఎదురుచూస్తోంది. ఎడ్విన్‌కి అది కనిపించింది కూడా.

"బానే ఉందండీ."

వేలు మళ్ళీ కదిలింది. "అంతే కదా. నీకేం," అన్నారాయన. గింజలు పొట్లంలో పోసేశారు. కాఫీ వచ్చింది.

గ్రౌండులో వీర్రాజు అందర్నీ పేరుపేరునా పిలిచి, ప్రాక్టీసుకి వేసుకునే రంగు బనియన్లు పంచాడు. ఎడ్విన్ దగ్గరికొచ్చి, "మీరు కాస్త లైను దగ్గర నిలబడి మనోళ్ళకి చెబుతూ ఉండండి," అన్నాడు. ఎప్పుడూ లేనిది ఆ మర్యాద ఎడ్విన్ మోకాలికి తగిలింది. సున్నపు గీతకి ఇవతల నిలబడ్డాడు. అబ్బులు స్టాపరు చోట ఆడుతున్నాడు. బంతినే చూస్తున్నాడు, తొంటిని చూడటం లేదు. రెండుసార్లు మోసపోయాడు. మోసపోయిన ప్రతిసారీ తిరిగి పరిగెత్తి అందుకున్నాడు. తెలియకపోయినా అందుకోగలుగుతున్నాడు. 

ఆదివారం తెల్లచొక్కా కింద పాత టీము జెర్సీ తొడుక్కున్నాడు. ప్యాంటు కింద నిక్కరు. కాళ్ళకి బూట్లు. నిస్సీ చూసింది. చొక్కా గుండీ దగ్గర నీలిరంగు బయటికి కనిపిస్తుంటే దగ్గరికొచ్చి కాలరు సర్దింది.  ఆ రోజు ఆర్‌ఎంపీ దగ్గరికి వెళ్ళమని కబురు రాలేదు. ఆడనివాడికి ఇంజక్షను దేనికి?

షామియానా కింద కుర్చీలు. రెండు టీములూ వరసగా నిలబడ్డాయి. ప్రిన్సిపాల్‌గారు శాలువా విప్పి కప్పారు. గులాబీరంగు, జరీ అంచు. మే నెల ఎండలో అది భుజాల మీద పడగానే ఒళ్ళంతా చెమట పట్టింది. శ్రీహరిగారు మైకు అందుకున్నారు. "ఎన్ని దెబ్బలు తిన్నాడో మనకెవరికీ లెక్కలేదు. కానీ ఇన్నేళ్ళలో ఒక్కసారి, ఒక్కసారైనా మా ఎడ్విన్ చెయ్యెత్తి బయటికి రాలేదు!" చప్పట్లు మోగాయి. ఆ మాటలో తనకి తెలియని ఇంకో మనిషెవరో ఉన్నాడనిపించింది ఎడ్విన్‌కి. అతనికే చప్పట్లు కొడుతున్నారు. బయటికి రాకపోవడమా, బయటికి రాలేకపోవడమా? ఎత్తిన చెయ్యిని ఎవరైనా చూస్తారో చూడరోనని భయపడటం కూడా ధైర్యంలాగే కనిపిస్తుందా, దూరం నుంచి?

ఆటగాళ్ళు ఒక్కొక్కరే వచ్చి చెయ్యి కలిపారు. ఏలూరు వాళ్ళలో చివర రిజ్వాన్. రెండు చేతులతో ఎడ్విన్ చెయ్యి పట్టుకుని తల వంచాడు. "కంగ్రాట్సండీ అన్నగారూ."

ఎడ్విన్ అతని మొహంలో వెతికాడు. ఆ నవ్వు లేదు.

ఆట మొదలైంది. ఎడ్విన్ ముందు వరస కుర్చీలో, శాలువాతో, ఒళ్ళో మెమెంటో. అబ్బులు తలతో ఒక బంతి తీశాడు, కాలితో ఒకటి తీశాడు, రిజ్వాన్‌ని రెండుసార్లు లైను బయటికి నెట్టాడు. మొదటి సగంలో మిల్లు టీము ఒక గోలు కొట్టింది. రెండో సగంలో వెంటవెంటనే రెండు. టీము తను లేకుండా ఓడిపోతే ఎలా ఉంటుందోనని పొద్దున్నంతా ఊహించుకున్నాడు. అలా ఊహించుకోవడం తప్పని తనని తాను తిట్టుకున్నాడు కూడా. ఇలా గెలుస్తుందని మాత్రం ఊహించుకోలేదు. వెనక వరసలో నిస్సీ ఉంది. వెనక్కి తిరిగి చూడలేదు.

కాసేపట్లో ముగుస్తుందనగా శ్రీహరిగారు కుర్చీలోంచి వంగి వీర్రాజుకి ఏదో సైగ చేశారు. వీర్రాజు ఎడ్విన్ దగ్గరికొచ్చి గొంతుకూర్చున్నాడు.

"మూడు గోల్సున్నాయి. ఏం భయం లేదు. కాసేపు దిగుతారా? జనం కూడా సంతోషిస్తారు."

ఎడ్విన్ లేచాడు. శాలువా, మెమెంటో కుర్చీ మీద పెట్టాడు. చొక్కా, పైనున్న ప్యాంటూ తీసేశాడు. లోపల జెర్సీ చూసి జనం గోలగోల చేశారు, ఈలలేశారు. వీర్రాజు మాత్రం ఆ జెర్సీని చూసి మొహం తిప్పుకున్నాడు. రంగు వెలిసిన ఆ జెర్సీ టీము కొత్త జెర్సీతో కలవదు. రిఫరీ ఒప్పుకోకూడదు. ఆయన నవ్వి, దిగమని చెయ్యి ఊపాడు. ఈ పోటీల్లో బయటికొచ్చినవాడు మళ్ళీ దిగొచ్చు కాబట్టి, అబ్బులు వచ్చి బెంచీ మీద కూర్చున్నాడు.

గడ్డి మీద కాలు పెట్టగానే అన్నీ గుర్తొచ్చాయి. ఎవరెక్కడ ఉన్నారో చూడకుండానే తెలిసింది. ఇంజక్షను లేని మోకాలు అడుగడుగునా మాట్లాడుతోంది. మాట్లాడనీ. బంతి ఏలూరు వాళ్ళ మధ్యలోంచి రిజ్వాన్‌కి వచ్చింది. రిజ్వాన్ నేరుగా ఇటే వస్తున్నాడు. ఎడ్విన్ కాళ్ళు ఎడం చేసి, వంగి, తొంటిని చూశాడు. కుడివైపే. మళ్ళీ కుడివైపే. తల కబురు పంపింది. మోకాలు కదల్లేదు. అయిపోయింది, వెళ్ళిపోయాడు, అనుకున్నాడు. ఆ ఓటమిలో కూడా ఒక వెలుగు ఉంది, ఎందుకంటే అది ఆటే.

రిజ్వాన్ వెళ్ళలేదు.

కుడివైపు తిరిగిన తొంటి ఆగిపోయింది. పరుగు నడకైంది. బంతిని కాస్త ముందుకి, మెల్లగా, ఎడ్విన్ బూటు ముందుకి తోశాడు. వాకిట్లోకొచ్చిన పెద్దమనిషికి కుర్చీ జరిపినట్టు.

"తీస్కోండి అన్నగారూ."

ఎడ్విన్ కాలు దానంతటదే బంతిని దూరంగా కొట్టింది. గ్రౌండు దద్దరిల్లింది. శ్రీహరిగారు లేచి నిలబడి చప్పట్లు కొడుతున్నారు. రిజ్వాన్ కూడా రెండు చేతులూ పైకి పెట్టి చప్పట్లు కొట్టాడు.

ఎడ్విన్ అతని పక్కకి వెళ్ళి భుజంతో భుజాన్ని గట్టిగా తోశాడు. రిజ్వాన్ తూలి నిలదొక్కుకుని, ఆశ్చర్యంగా చూశాడు.

"గేదె అనరా," అన్నాడు ఎడ్విన్. ఎవరికీ వినపడకుండా, పళ్ళ మధ్య నుంచి. "ఆ రోజు అన్నావుగా. అను."

కుర్రాడి మొహం పాలిపోయింది. "అయ్యయ్యో, అదాండీ. ఆటలో నోరు జారిందండీ. మనసులో పెట్టుకోకండి. మిమ్మల్ని అలా అంటానేంటండీ?"

నిజంగానే బాధపడుతున్నాడు. కళ్ళలోనూ, చేతుల్లోనూ, తొంటిలోనూ ఎక్కడా అబద్ధం లేదు. ఇన్నాళ్ళూ ఎడ్విన్ మోస్తూ తిరిగిన ఆ తిట్టుని వచ్చి మర్యాదగా వెనక్కి తీసేసుకున్నాడు. ఎడ్విన్‌కి ఒక్కసారిగా చేతులు ఖాళీ అయినట్టయింది. తనని ఆటగాడిగా చూసి ఈ భూమ్మీద ఎవరైనా అన్న ఆఖరి మాట అదే.

బంతి అవతలి లైను దగ్గరెక్కడో త్రోకి వెళ్ళింది. ఎండ వాలుతోంది. మోకాలు ఉబ్బి, మేజోడు అంచుని బిగువుగా తోస్తోంది. ఇంకో బంతి వస్తుంది. అది కూడా ఎవరో ఒకరు ఇస్తారు. ఆట ముగిసేదాకా ఇస్తూనే ఉంటారు. బానే ఉందండీ అని తను అన్నన్నాళ్ళూ, ఎంత బావుందో అని వాళ్ళంటూనే ఉంటారు.

ఎడ్విన్ బెంచీ వైపు తిరిగి కుడిచెయ్యి పైకెత్తాడు.

జనం వీడ్కోలనుకున్నారు. ఈలలు హోరెత్తాయి, గ్యాలరీ నిండా చేతులు లేచి తిరిగి ఊపాయి. శ్రీహరిగారు నవ్వుతూ తనూ చెయ్యి ఊపారు. ఎడ్విన్ ఊపలేదు. వేళ్ళు బారుగా చాచి, మోచెయ్యి వంచకుండా, నిటారుగా పైకే పట్టుకున్నాడు. షామియానా కింద నిస్సీ లేచి నిలబడటం కనిపించింది. ఆమె చెయ్యి ఊపడం లేదు. లైను దగ్గర వీర్రాజు ముందు నవ్వాడు, తర్వాత నవ్వడం మానేశాడు. ఒకప్పుడు అదే చోట, అలాగే చెయ్యెత్తినవాడు అక్కడ అతనొక్కడే. అబ్బులుని పిలుస్తూ వెనక్కి తిరిగాడు.

అబ్బులు జెర్సీ సర్దుకుని గీత దగ్గరికి వచ్చేదాకా ఎడ్విన్ చెయ్యి దించలేదు.